పాట ఎంచుకునే హక్కు

ఆగస్టు 11

అక్కా,

ఈ కాలంలో ఉత్తరమేమిటే అనుకుంటున్నావు కదా. మనిద్దరం ఫోనులో మాట్లాడుకుంటే మూడో నిమిషానికి ఎవరో ఒకరం ఠక్కున పెట్టేస్తాం. పోయినసారి నువ్వు, అంతకుముందు నేను. కాగితాన్నయితే మధ్యలో పెట్టెయ్యలేవు. చింపెయ్యగలవు, కాకపోతే చింపేలోపు నాలుగు ముక్కలు చదివే ఉంటావు.

విషయం ఏమిటంటే, మన మిషను దొరికింది!

అమ్మ నా దగ్గరికి వచ్చి ఏడాదైనా తన అట్టపెట్టెలు రెండు విప్పకుండానే మంచం కింద పడి ఉన్నాయి. నిన్న సెలవు కదా అని ముందేసుకుని కూర్చున్నాను. ఒకదాంట్లో అమ్మ డ్యూటీ చొక్కాలు, నాన్న టెస్టర్లు, తుప్పు పట్టిన స్క్రూడ్రైవర్లు. అన్నిటికీ అడుగున పాత తువ్వాల్లో చుట్టి మన ఆటల మిషను. లిఫ్టు పిల్ల ఆట డిస్కు ఇంకా దాని కడుపులోనే ఉంది.

మా చిన్నదానికి ఇదంతా మొదటినుంచీ చెప్పాల్సి వచ్చింది. ఏడేళ్ళది, నోట్లోంచి ఎందుకు అనే మాట తప్ప ఇంకోటి రాదు. పెద్ద హోటల్లో లిఫ్టు నడిపే పిల్ల ఒకతి, డాన్సు పోటీలో గెలిచిన సినిమా ఒకటి వచ్చిందనీ, ఎక్కడ విన్నా ఆ పాటలేననీ, తర్వాత దాని మీద ఈ ఆట వచ్చిందనీ చెప్పాను. తెర మీద ఎర్రటోపీ పిల్ల, నీలిటోపీ పిల్ల ఆడుతుంటారు. వాళ్ళని చూస్తూ మనమూ ఆడాలి. చేతిలో రిమోటు మన చెయ్యి ఎటు పోతోందో కనిపెట్టి ఎవరి టోపీ కింద వాళ్ళకి మార్కులేస్తుంది. ఒక్కో పాటా ఒక్కో అంతస్తు. పన్నెండో అంతస్తు ఎక్కితే గెలుపు. "నువ్వు ఎన్నో అంతస్తు దాకా వెళ్ళావమ్మా?" అంది. మూడు అన్నాను. "పెద్దమ్మో?" పన్నెండు అన్నాను. నా కాళ్ళ వంక ఒకసారి చూసింది.

నాన్న ఎవరింట్లోనో వైరింగు చేస్తే వాళ్ళు ఇంక వద్దని ఇచ్చేశారు, గుర్తుందా? పెట్టె లేదు, ఎలా వాడాలో చెప్పే పుస్తకం లేదు. రెండు రిమోట్లూ తెల్లవే. తేడా తెలియాలని నీదానికి ఎర్రటేపు, నాదానికి నీలిటేపు చుట్టాడు. నాన్న టేపు చుడితే కరెంటు కూడా బయటికి రావడానికి జంకేది. మొదటిరోజే నీ రిమోటుతో పాట ఎంచుకోబోతే బటన్ పనిచెయ్యలేదు. నువ్వు నొక్కి నొక్కి ఏడుపు మొదలుపెట్టావు. "పాతది కదా, పోయుంటుంది, చెల్లి దాంతో ఎంచుకోండి" అన్నాడు నాన్న. రెండు రోజులకే నా సత్తా బయటపడి నేను ఏడవడం మొదలుపెట్టాక అమ్మ దాన్నే రూలు చేసింది. గెలిచేదానికి మార్కులు, ఓడేదానికి పాట ఎంచుకునే హక్కు. ఎన్ని వందల పాటలు ఎంచుకున్నానో!

ఇంతకీ అసలు సంగతి. నా నీలి రిమోటు ఇక్కడే ఉంది. ఎర్రది నీ డాన్సు క్లాసులో అద్దాల పెట్టెలో ఉందని తెలుసు. ఒక నెలరోజులు పంపుతావా? చిన్నది బళ్ళో వార్షికోత్సవానికి డాన్సులో పేరిచ్చి వచ్చింది. నేను వెళ్ళి కొట్టేయించాను. నలుగురిలో నవ్వులపాలు దేనికి, మనవి కొయ్యకాళ్ళు తల్లీ అని సర్దిచెప్పాను. రెండు రోజులు నాతో మాట్లాడలేదు. కనీసం ఇంట్లో తలుపేసుకుని ఇద్దరం ఈ ఆటయినా ఆడితే దాని సరదా తీరుతుందని నా ఆశ.

నేను మామూలే. ఆసుపత్రి లాండ్రీలో రోజుకి ఆరేడు వందల దుప్పట్లు. రోలరు లోంచి ఆవిరి కక్కుతూ వస్తాయి, నేనూ గంజి పిన్నీ చెరో కొసా పట్టుకుని మడతేస్తాం. రెండడుగులు ముందుకి, రెండడుగులు వెనక్కి. పిన్నికి ఆ పేరు నేనే పెట్టాను, మనిషి ఎప్పుడూ గంజి పెట్టినట్టు నిటారుగా ఉంటుంది.

మూడో అంతస్తు దాటని నీ
నీలిటోపీ


ఆగస్టు 23

చెల్లికి,

నీ ఉత్తరం సరిగ్గా నాలుగింటి బ్యాచి మధ్యలో వచ్చింది. ఇరవైమంది పిల్లలు, కింద టైర్ల షాపు రబ్బరు వాసన, అద్దం గోడలో చీలిక ఇంకాస్త సాగింది. ఎడమ మోకాలు పట్టేస్తోంది, గుడ్డ బిగించి కట్టుకుని నిలబడుతున్నాను. పిల్లలకి వంగి చూపించాల్సినచోట నోటితో చెప్పి సరిపెడుతున్నాను. కాళ్ళతో బతికేవాళ్ళ తిప్పలు నీకేం తెలుస్తాయిలే.

ఎర్ర రిమోటు పంపడం కుదరదు. తలుపు తియ్యగానే కనిపించేది అదే. దాని కింద "ఇక్కడ మొదలైంది" అని అక్షరాలు చెక్కించాను. కొత్త పిల్లలు చేరినప్పుడల్లా వాళ్ళ అమ్మానాన్నల్ని కూర్చోబెట్టి ఆ కథ చెప్తాను. డాన్సు టీచరు ఇంటికి ఒక్కరినే తీసుకుంటాననడం, అమ్మ మార్కులు చూసి నన్ను పంపడం. నవంబరు నెలాఖరుకి క్లాసు పెట్టి పదేళ్ళు. అమ్మని స్టేజీ మీదికి పిలిచి, రిమోటు చేతికిచ్చి, ఆ రోజు తను ఎలా నిర్ణయించిందో తన నోటితోనే చెప్పిద్దామనుకుంటున్నాను. ఇప్పుడు పెట్టె ఖాళీ చేస్తే ఎలా?

ఇంకో మాట. ఆ మిషను ఆన్ చెయ్యకు. పద్ధెనిమిదేళ్ళ నాటిది, లోపల వైర్లు ఎలా ఉన్నాయో ఏమో. ఎలక్ట్రీషియను కూతురివి, నీకు చెప్పాలా? చిన్నదానికి సరదా అంటున్నావు కదా, మంచి రంగు పెన్సిళ్ళు పంపుతాను.

అక్క


సెప్టెంబరు 1

అక్కా,

రంగు పెన్సిళ్ళు ముట్టాయి. ఇరవైనాలుగు రంగులు, నీ క్లాసు పేరు ముద్ర వేసి ఉన్నాయి. మాలాంటివాళ్ళం కూడా ప్రచారానికి పనికొస్తున్నందుకు సంతోషం.

నువ్వు పంపవని తెలిసే అడిగాను, అయినా మనసు చివుక్కుమంది. నెలరోజులకి ఒక రిమోటు అక్కా! కిడ్నీ అడిగినట్టు రాశావు. కాళ్ళతో బతికేవాళ్ళ తిప్పలు నాకేం తెలుస్తాయట. పొద్దున ఆరింటినుంచి రెండింటిదాకా నేను నిలబడేది తలమీద అనుకుంటున్నావా?

సర్లే. నీ మీద కోపం మరిచిపోయే సంగతి ఒకటి జరిగింది. నా రిమోటు టేపు జిగురు కారి చేతికి అంటుకుంటుంటే ఊడదీశాను. మూడు పొరలు! చివరి పొర కింద ఉన్నది చూసి ఒక్కదాన్నే పడీపడీ నవ్వాను. ఇన్నేళ్ళూ అక్కడే ఉంది. అది ఎవరి పనో కూడా నాకు బాగా తెలుసు, నువ్వు బుకాయించడానికి లేదు. ఏమిటో రాయను. నీ రిమోటు పంపితేనే చెప్తాను.

అమ్మకి ఇంకా చూపించలేదు. స్టేజీ మీద మాట్లాడమంటున్నావుగా, అప్పుడే చూపిస్తాను, ఆవిడకి చెప్పడానికి ఇంకో ముక్క దొరుకుతుంది, జనం కూడా హాయిగా నవ్వుకుంటారు.

ఆ రిమోటు చేతిలో పట్టుకుని కూర్చుంటే చిన్నప్పటివన్నీ తిరిగాయి. ఎప్పుడూ నాకే ఎందుకు పాట ఎంచుకునే హక్కు ఇచ్చారో అప్పుడు తెలియలేదు గానీ, ఇప్పుడు బాగా అర్థమవుతోంది. మీరందరూ కలిసి నన్ను బాగానే మాయ చేశారు.

మొన్న మడత వేస్తుంటే గంజి పిన్ని, "నువ్వు లెక్కపెట్టుకోవు, అడుగు దానంతటదే పడుతుంది, ఎక్కడ నేర్చావే?" అంది. అడగక అడగక నన్ను అడిగింది. మా అక్కని చూడండి అన్నాను.

నీలిటోపీ


సెప్టెంబరు 12

ఇంత మెత్తగా గొంతు కొయ్యడం ఎక్కడ నేర్చావే నువ్వు?

నవ్వుకున్నావట. ఎవరి పనో తెలుసట. అమ్మకి స్టేజీ మీద చూపిస్తావట, అదీ నూటయాభైమంది తల్లిదండ్రుల ముందు. నీ ఉత్తరం ఎనిమిది రోజులు హ్యాండుబ్యాగులో పెట్టుకుని తిరిగాను. మీ బావగారు ఏమైందని అడిగితే మోకాలు నొప్పి అన్నాను. సూటిగా తిట్టి ఉంటే బాగుండేది.

సరే. దీపాలు చూశావు. మొదటి దీపం వెలగడం చూశావు. నేనూ చూశాను, నీకంటే పద్ధెనిమిదేళ్ళ ముందు.

నీకు గవదబిళ్ళలు వచ్చి అమ్మమ్మగారింట్లో ఉన్నావు. ఒక్కదాన్నే ఆడుకుందామని మిషను పెట్టాను. నా ఎర్రదానితో పాట కదల్లేదు, నీది తీసుకున్నాను. ఆడటం మొదలుపెట్టాను. చేతిలో ఉన్నది నీలి రిమోటు, మార్కులు పడుతున్నది ఎర్రటోపీకి. పిచ్చిదానిలా రెండుసార్లు తిప్పి ఆడాను. తర్వాత టేపు అంచు లేపాను. వరసగా నాలుగు బుల్లి దీపాలు, అందులో మొదటిది వెలుగుతోంది. నా దానికి లేపితే రెండోది. నాన్న రంగులు తారుమారు చేసి, సరిగ్గా ఆ దీపాల మీదే చుట్టేశాడు. మిషను లెక్కలో ఒకటో నంబరు అంటే ఎర్రటోపీ, పాట ఎంచుకోగలిగేది కూడా ఒకటో నంబరే. నా బటన్ ఏనాడూ పాడవలేదు. నాది రెండో నంబరు, అంతే.

అంటే ఎర్రటోపీ మార్కులన్నీ నీవి. పన్నెండో అంతస్తు ఎక్కింది నువ్వు. మూడు దగ్గర ఆగిపోయింది నేను. చాలా? ఇంతకంటే విప్పి చెప్పాలా?

టేపు మళ్ళీ అంటించేశాను. ఆ పైవారమే టీచరు ఇంటికొకరు అంది. అమ్మకి తెలుసుగా, లారీల తూకం దగ్గర పనిచేసినావిడ, ముల్లు ఎంత చూపిస్తే అంత. పిల్లల్ని నిలబెట్టి చూసే పనే పెట్టుకోలేదు. ఎర్రటోపీ కిందున్న అంకె చూసి నా చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళింది. నేను నోరు విప్పలేదు. నాకు పద్నాలుగేళ్ళు. డాన్సంటే ప్రాణం. నీకు పదకొండు, నీకు అదొక ఆట అనుకున్నాను. వచ్చే వారం చెప్దాం, సెలవుల్లో చెప్దాం అనుకున్నాను. ఒక ఏడాది గడిచాక చెప్పడానికి ఇంక దారి లేదు.

నాకు అది ఊరికే రాలేదు. మొదటి ఏడాదిలో ఒకరోజు టీచరు నన్ను ఆపి, "మీ ఇంట్లో ఇంకెవరూ పిల్లలు లేరా?" అని అడిగింది. లేరన్నాను. ఆ రోజునుంచి ఒళ్ళు హూనం చేసుకుని నేర్చుకున్నాను. ఇప్పుడు మోకాలు పోవడానికి కారణం అదే.

నీకేం కావాలో చెప్పు. మెలికలు వద్దు.

అక్క


సెప్టెంబరు 19

అక్కా,

టేపు కింద ఉన్నది బబుల్‌గమ్ స్టిక్కరు. లిఫ్టు పిల్ల బొమ్మ. దానికి నువ్వు నల్లపెన్నుతో మీసాలు గీశావు. నేను ఏడిస్తే నాన్న దాని మీదనుంచి ఇంకో చుట్టు చుట్టేశాడు. అది చూసి నవ్వాను.

దీపాలు నేను చూడలేదు. రిమోటులో సెల్సే లేవు. స్టిక్కరు పక్కన నాలుగు చుక్కలుంటే సోకు కోసం పెట్టారనుకున్నాను. స్టేజీ మీద చూపిస్తానన్నది నీ మీసాలని. పాట హక్కు ఎందుకిచ్చారో అర్థమైందన్నది, ఓడిపోయే పిల్ల మీద జాలితో ఇచ్చారని.

నువ్వు చెప్పేదాకా నాకేమీ తెలియదు.

నీ ఉత్తరం చదివాక గోడగడియారం సెల్స్ తీసి రిమోటులో వేసి, మిషను ఆన్ చేశాను. పొగలేమీ రాలేదు. మొదటి దీపం వెలిగింది.

ఏం కావాలని అడిగావు. నాకు తెలియదు. డ్యూటీకి టైమవుతోంది.

చెల్లి


సెప్టెంబరు 25

చెల్లీ,

నువ్వు అలా రాస్తే ఎవరైనా అలాగే అనుకుంటారు. "ఎవరి పనో తెలుసు, బుకాయించడానికి లేదు" అని మీసాల గురించి ఎవరు రాస్తారే?

పోనీ, చెప్పాను. ఎప్పటికైనా చెప్పేదాన్నే. నమ్మవని తెలుసు.

కానీ నువ్వు కూడా ఒకసారి ఆలోచించు. నాకూ నేర్చుకోవాలనుంది అని ఏనాడైనా నోరు తెరిచి అడిగావా? మొండికేశావా? తిండి మానేశావా? నేను నీ ప్లేటు లాక్కుని తిన్నట్టు రాస్తున్నావు. నువ్వేమీ రాయలేదు నిజమే, ఆ నాలుగు ముక్కల ఉత్తరంలో రాయకుండా వదిలేసినదంతా నాకు వినపడింది. ఇన్నేళ్ళూ ఇల్లు, పిల్ల, ఉద్యోగం అని బాగానే ఉన్నావు కదా. నేను ఒక్క మాట చెప్పి ఉంటే నువ్వు ఈపాటికి ఏదో అయిపోయి ఉండేదానివని ఏమిటి నమ్మకం? మార్కులు ఒక చెయ్యి కదలికకి వేసేవి. నడుముకీ కాళ్ళకీ కాదు. ఇరవై ఏళ్ళుగా ఈ పనిలో ఉన్నాను, నాకు తెలుసు.

అమ్మకి చెప్పకు. నీకు దణ్ణం పెడతాను. ఈ ఫంక్షను అయిపోనీ. కార్డులు అచ్చుకిచ్చేశాను.

అక్క


అక్టోబరు 8

అక్కా,

ఇరవై ఏళ్ళు కాదు, పద్ధెనిమిది. ఒకటో నంబరు నాకు తెలియకపోయినా ఈ లెక్క తెలుసు.

అడగలేదన్నావు. నువ్వు చేరిన మొదటి నెల నిన్ను దింపడానికి అమ్మతోపాటు నేనూ వచ్చేదాన్ని. మెట్ల మీద కూర్చునేవాళ్ళం. లోపల టీచరు దరువు వేస్తుంటే నా కాళ్ళు ఆగేవి కావు. లేచి ఆడుతుంటే అమ్మ భుజం పట్టి కూర్చోబెట్టింది. "అక్కలాగా రాదమ్మా నీకు, ఊరికే దెబ్బలు తగిలించుకోకు" అంది. ప్రేమగానే అంది. నేనూ నమ్మాను. ఎందుకు నమ్మనూ, రోజూ తెర మీద అంకెలు చూస్తున్నదాన్ని! ఆ తర్వాత పెళ్ళిళ్ళలో అందరూ లేచి ఆడుతుంటే నేను కుర్చీలు సర్దేదాన్ని. నా పెళ్ళిలో కూడా. మా ఆయన చెయ్యి పట్టి లాగితే విదిలించుకుని లోపలికి పోయాను. సిగ్గు అనుకున్నారు. అది సిగ్గు కాదు అక్కా, నాకు నా కాళ్ళంటే అసహ్యం.

నువ్వు అంకె అబద్ధమని తెలిసి కూడా ఆడావు. నేను అది నిజమనుకుని ఆడటమే మానేశాను. ఈ ఒక్కటీ నేను మింగలేకపోతున్నాను.

అమ్మకి చెప్పాను. కార్డులు అచ్చవుతున్నాయని ఆగలేదు. ఆవిడ కళ్ళజోడు తీసి తుడుచుకుని చాలాసేపు రిమోటు తిప్పి చూసింది. ఏమందో తెలుసా? "మిషను తప్పు చెప్పలేదే. మీ నాన్న టేపు తప్పు చుట్టాడు" అంది. ఇన్నేళ్ళ తర్వాత కూడా ముల్లు మీద మాట పడనివ్వదు. మరి నా సంగతేమిటమ్మా అన్నాను. "పాటలన్నీ నువ్వేగా ఎంచుకున్నావు, నీకేం లోటు చేశామే?" అంది. అని లేచి వంటింట్లోకి వెళ్ళి అక్కడ నిలబడి ఏడ్చింది. నేను వెళ్ళలేదు.

ఇంకొకటి కూడా చేశాను. చిన్నది బడికి, అమ్మ పక్కింటికి వెళ్ళాక తలుపేసి పన్నెండో అంతస్తు పాట పెట్టాను. ఎర్రటోపీ రికార్డు ఇంకా దాంట్లో భద్రంగా ఉంది. పదకొండేళ్ళప్పుడు నేను ఆడింది. మూడుసార్లు ఆడాను. చెయ్యి అందుకుంటోంది, ఒళ్ళు అందుకోవడం లేదు. దుప్పట్లు లాగీ లాగీ భుజం పైకి లేవదు, నడుము తిరగదు. మూడోసారికి ఆయాసంతో మంచం మీద పడ్డాను. సగం మార్కులు కూడా రాలేదు. ఇప్పుడు నాకు నిజంగానే కొయ్యకాళ్ళు. పదకొండేళ్ళ పిల్ల నన్ను ఓడించింది, ఆ పిల్లని ఎత్తుకుని ముద్దు పెట్టుకోవాలనిపించింది, ఎక్కడుందని?

చెల్లి


అక్టోబరు 20

చెల్లీ,

దీంతోపాటు పార్సిలు వస్తుంది. ఎర్ర రిమోటు. తిరిగి పంపనక్కర్లేదు.

అద్దాల పెట్టె ఖాళీగా ఉంది. ఏమైందని పిల్లలు అడిగితే రిపేరుకి పంపానని చెప్పాను. చూడు, నోట్లోంచి మళ్ళీ అబద్ధమే వచ్చింది. "ఇక్కడ మొదలైంది" అన్న అక్షరాలు స్క్రూలతో బిగించినవి, తీస్తే గోడ పెళ్ళలు ఊడుతున్నాయి, ఒక క్యాలెండరు తగిలించాను.

పోయిన ఉత్తరంలో నడుము, కాళ్ళు అని ఏదో వాగాను. అది నిజం కాదు. నువ్వు ఆడుతుంటే నేను చూసేదాన్ని. మార్కులు చూడకుండా నిన్నే చూసేదాన్ని. టేపు లేపకముందే నా మనసుకి అనుమానం ఉంది. టీచరుకి తెలిసిపోతుందేమోనని మొదటి నెల భయంతో చచ్చాను. నిన్ను మెట్ల దగ్గరికి తీసుకురావద్దని అమ్మకి చెప్పింది కూడా నేనే. నాకు సిగ్గేస్తోందని చెప్పాను. అది కూడా తెలుసుకో, ఇంక నా దగ్గర దాచినదేమీ లేదు.

అమ్మ ఫంక్షనుకి రానంది. సరే అన్నాను.

నిన్ను ఏమీ అడగను. చిన్నదాన్ని సెలవుల్లో నా దగ్గరికి పంపు. మొదటి వరసలో నిలబెడతాను. మోకాలు ఉన్నన్నాళ్ళూ నాకు తెలిసిందంతా నేర్పుతాను. నీకు ఇవ్వలేనిది దానికైనా ఇవ్వనీ.

అక్క


నవంబరు 14

అక్కా,

పార్సిలు వచ్చి మూడు వారాలైంది. జవాబు రాయకపోవడానికి కారణం కోపం కాదు. మొదట్లో కోపమే. నిన్ను కడిగిపారెయ్యాలని రెండుసార్లు కూర్చున్నాను. మెట్ల సంగతి చదివాక నాలుగు పేజీలు రాశాను కూడా. అవి పంపడం లేదు. ఎందుకో చెప్తాను.

పోయిన శుక్రవారం చిన్నదాని బళ్ళో వార్షికోత్సవం. దాని క్లాసు పిల్లలు ఆడుతుంటే ఇది స్టేజీ పక్కన తెర తాడు పట్టుకుని నిలబడింది. తాడు లాగే పని టీచరు ఇచ్చిందట. నేను మూడో వరసలో కూర్చుని పాట అయ్యేదాకా దాని కాళ్ళే చూశాను. ఒక్కసారి కూడా కదల్లేదు. ఇంట్లో పళ్ళు తోముకునేటప్పుడు కూడా ఎగిరే పిల్ల అది. రెండు మడమలు దగ్గరగా పెట్టి, బిగబట్టుకుని నిలబడింది. ఆ బిగబట్టడం నాకు తెలుసు. పద్ధెనిమిదేళ్ళుగా నేను చేస్తున్నది అదే.

ఈరోజు మధ్యాహ్నం డ్యూటీనుంచి రాగానే రెండు రిమోట్లకీ టేపులు పీకేసి, జిగురంతా గోకి తుడిచాను. ఇప్పుడు రెండూ తెల్లగా ఒకేలా ఉన్నాయి. మిషను పెట్టి చిన్నదాన్ని పిలిచాను. రా తల్లీ, మనవి కొయ్యకాళ్ళు కావు, అమ్మ పొరపాటు పడింది, పెద్దవాళ్ళు కూడా పొరపాటు పడతారు అని చెప్పాను. "ఎందుకు?" అంటుందని చూశాను. అనలేదు. మంచం మీద మోకాళ్ళు పట్టుకుని కూర్చుంది. పెద్దమ్మ దగ్గర డాన్సు నేర్చుకుంటావా, మొదటి వరసలో నిలబెడుతుందట అన్నాను. తల అడ్డంగా ఊపి, "నాకు రాదు కదమ్మా" అంది. నన్ను ఓదారుస్తున్నట్టు అంది.

అందుకే ఆ నాలుగు పేజీలు చింపేశాను. నిన్ను క్షమించాననుకోకు, క్షమించలేదు. కానీ నీకు అప్పుడు పద్నాలుగేళ్ళు. భయం ఉంది, ఆశ ఉంది, మధ్యలో ఒక మిషను, నాన్న టేపు ఉన్నాయి. అమ్మకి కనీసం ఒక అంకె ఉంది. నాకు ముప్పై రాబోతున్నాయి, నాకు ఏమీ లేదు. ఏ అంకే చూడలేదు, ఏ టీచరూ ఇంటికొకరు అనలేదు. అది ఆడుతుంటే ఒక్కసారైనా నిలబడి చూడకుండా, బడికి వెళ్ళి, నా చేత్తో దాని పేరు కొట్టేయించి వచ్చాను.

అయినా ఇంకోసారి ప్రయత్నించాను అక్కా. రెండు రిమోట్లూ దాని ముందు పెట్టి, ఏది కావాలో తీసుకో, ఇద్దరం కలిసి ఆడదాం అన్నాను. కాసేపు ఆలోచించి, దీపాలు చూసి, మొదటి దీపం వెలుగుతున్నది తీసుకుంది. నా ప్రాణం లేచి వచ్చింది. లేచి పక్కన నిలబడతావా అన్నాను.

"వద్దమ్మా, నువ్వు ఆడు" అంది. "నేను పాట ఎంచుకుంటాను, చాలు."

చెల్లి